పక్కింటి రాక్షసుడు

మొన్న ఆదివారం మా అబ్బాయి జపాను వారి పాత బొమ్మ ‘గాడ్జిల్లా’ చూస్తున్నాడు. సముద్రంలోంచి కొండంత బల్లి లేచి టోక్యో నగరాన్ని తొక్కేస్తూంటే, వత్తులు చేసుకుంటున్న మా అమ్మ ఒక కంట చూచి, “బకాసురుడికి తోక మొలిచిందే!” అన్నది.

నవ్వాను గానీ, ఆ మాట నిజమే. ఏ ఊరి భయాన్నిబట్టి ఆ ఊరి రాక్షసుడు. రోజుకొక ఇంటినుంచి మనిషినీ, బండెడు అన్నాన్నీ పంపలేక ఏడ్చిన ఏకచక్రపురానికి బకాసురుడు, జపానుకు గాడ్జిల్లా. 1954 మార్చి 1న అమెరికా వారు బికినీ దీవిలో హైడ్రోజను బాంబు పేల్చారు. దూరాన చేపలు పడుతున్న ఒక జపాను పడవ మీద తెల్లని బూడిద కురిసింది. అందులోని 23 మందీ జబ్బుపడ్డారు. సెప్టెంబరులో ఒకరు చనిపోయారు. నవంబరులో ఈ బొమ్మ వచ్చింది. దర్శకుడు ఇషిరో హోండా యుద్ధం నుంచి తిరిగివస్తూ హిరోషిమాను కళ్ళారా చూచినవాడు.

అయినా గాడ్జిల్లా అంటే నాకంత భయం లేదు. ఎక్కడున్నదో కనబడుతుంది గదా! నాకు నిద్రపట్టనివ్వనిది 1956లో అమెరికాలో వచ్చిన ‘ఇన్వేజన్ ఆఫ్ ది బాడీ స్నాచర్స్’. అందులో రాక్షసుడే లేడు. పెద్ద పెద్ద కాయలు మన పత్తికాయల్లా పగిలి, నిద్రపోతున్న మనిషి స్థానంలోకి అచ్చం అలాంటి మనిషే వస్తాడు. అదే ముఖం, అదే గొంతు; మమత మాత్రం ఉండదు. “ఈవిడ మా అమ్మ కాదు” అని ఒక పిల్లవాడు పరుగెత్తుతాడు.

ఇది కమ్యూనిస్టులంటే భయమని కొందరన్నారు. కాదు, కమ్యూనిస్టులను వేటాడేవారంటే భయమని మరికొందరన్నారు. ఒకే రాక్షసుడు రెండు పక్షాలకూ సరిపోయాడు!

నాగమ్మ పక్షం, బ్రహ్మనాయుడి పక్షం చూచిన పల్నాటివారికి ఇది విడమరచి చెప్పాలా? 2024 మే 13న పోలింగు జరిగింది. మాచర్లలో, మా నరసరావుపేటలో గొడవలు. జిల్లాలో 144 సెక్షను. రోజూ ప్రొద్దున మా పేపరు చదివి, నాతో తగువు పెట్టుకుని, కాఫీ తాగి వెళ్ళే పక్కింటి మాష్టారు ఆ వారం గడప దాటలేదు. నేనూ పిలవలేదు.

“మనిషే మారిపోయాడమ్మా” అన్నాను.

“ఈపాటికి వాళ్ళింట్లో నీ గురించీ అదే అనుకుంటూ ఉంటార్రా” అన్నది అమ్మ. గిన్నెలో మజ్జిగపులుసు పోసుకుని గోడ దగ్గరికి వెళ్ళి, పేరుపెట్టి పిలిచింది. అవతల తలుపు తెరుచుకోవడానికి చాలాసేపే పట్టింది. వచ్చినవాడు మాష్టారే. ఏమీ మాట్లాడకుండా గిన్నె అందుకున్నాడు.

రెండు రోజుల తర్వాత ఆ గిన్నె గోంగూర పచ్చడితో తిరిగివచ్చింది. వెనకాలే మాష్టారు, “పేపరు వచ్చిందా?” అంటూ.