రైతు మోటారు ఆపేస్తాడని ఎవరు చెప్పారు?

ప్రభుత్వ విధానాలను గణితంతో తూచే చోట ఒక ఊహ పాతుకుపోయింది. పైనున్నవారు ముందుగా ఒక నిర్ణయం ప్రకటిస్తారు. ధర, పన్ను, కోటా, కరెంటు ఇచ్చే వేళలు, ఏదైనా కావచ్చు. కిందనున్నవారు దాన్ని చూసి తమకు ఏది మేలో అది చేస్తారు. కిందివారికి అన్ని దారులూ సమానంగానే గిట్టుబాటైతే? పైవారికి ఏది మేలో దాన్నే ఎంచుకుంటారని రాసుకుని లెక్క ముందుకు సాగిస్తారు. రెండంచెల ఆప్టిమైజేషన్‌లో దీనికి ఆశావాద ఊహ అని పేరు. పరిశోధన పత్రాల్లో ఇది ఒక్క వాక్యంలో వచ్చి పోతుంది. చాలామంది దృష్టిలో అదొక సాంకేతిక సౌకర్యం, ఎవరికీ హాని చేయనిది. నేను దీన్ని ఒప్పుకోను. మన రెండు తెలుగు రాష్ట్రాల్లో బోరుబావులకూ కరెంటుకూ మధ్య నలభై ఏళ్లుగా సాగుతున్న కథ చూస్తే, ఆ ఒక్క వాక్యం ఎంత ఖరీదైనదో తెలుస్తుంది.

ఈ రెండంచెల ఆలోచన కొత్తది కాదు. జర్మన్ ఆర్థికవేత్త హైన్రిష్ ఫాన్ స్టాకెల్‌బర్గ్ 1934లో ఒక బజారును విశ్లేషించాడు. అందులో ఒక కంపెనీ తన ఉత్పత్తి ఎంతో ముందే తేల్చేస్తుంది, రెండోది దాన్ని చూసి తన సంగతి తేల్చుకుంటుంది. ఒక ఆప్టిమైజేషన్ సమస్య షరతుల్లోనే మరో ఆప్టిమైజేషన్ సమస్య కూర్చుని ఉండే రూపాన్ని 1973లో బ్రాకెన్, మెక్‌గిల్ అనే పరిశోధకులు గణితంగా రాశారు. 1977లో క్యాండ్లర్, నార్టన్ ప్రపంచ బ్యాంకులో దీన్ని అభివృద్ధి విధానాలకు తెచ్చారు. వ్యవసాయ అర్థశాస్త్రానికి ఇది ఎలా పనికొస్తుందో 1981లో ఒక వ్యాసమే వచ్చింది. కింది అంచెలో రైతును కూర్చోబెట్టడం అప్పటినుంచీ ఉన్నదే. అతని జవాబును అతని తరఫున మనమే రాసేసుకునే అలవాటు కూడా దాంతోపాటే పెరిగింది.

ఆశావాద ఊహను సమర్థించేవారికి టోల్ రోడ్డు ఉదాహరణ ఇష్టం. టోల్ రోడ్డు మీద వెళ్తే లారీకి 200 రూపాయల విలువైన సమయం, డీజిలు మిగులుతాయనుకుందాం. పక్కనే డబ్బు కట్టనక్కర్లేని పాత రోడ్డు ఉంది. టోలు సరిగ్గా 200 పెడితే లారీ ఓనరుకు రెండు రోడ్లూ ఒకటే. ఆశావాద లెక్కలో లారీలన్నీ టోల్ రోడ్డే ఎక్కుతాయి, లారీకి 200 చొప్పున వసూలవుతుంది. కిందివారు పైవారికి నష్టమైన దారినే పడతారనుకునే నిరాశావాద లెక్కలో ఒక్కటీ ఎక్కదు, వసూలు సున్నా. అయితే మాత్రం ఏమైంది, టోలు 199 పెడితే అన్నీ వస్తాయి, పోయేది లారీకి ఒక్క రూపాయే కదా అంటారు. టోలు విషయంలో ఈ మాట నిజమే. రూపాయి తగ్గించే వీలు పైవాడి చేతిలో ఉంది, ఆ రూపాయికి కిందివాడి మొగ్గు మారుతుంది. ఈ రెండూ లేనిచోట కూడా ఇదే జవాబు అప్పజెప్పడం దగ్గరే నా అభ్యంతరం.

బోరు దగ్గరకు వద్దాం. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 1980ల మొదట్లో వ్యవసాయ కరెంటుకు మీటరు లెక్క పోయి, హార్స్‌పవర్‌కు ఏడాదికి ఇంత అనే స్లాబు పద్ధతి వచ్చింది. 2004 మే 14న ముఖ్యమంత్రిగా వై.ఎస్. రాజశేఖరరెడ్డి తొలి సంతకం ఉచిత విద్యుత్తు దస్త్రం మీద పెట్టారు. మన వాదోపవాదాలన్నీ ఈ రెండో మలుపు చుట్టూనే తిరుగుతాయి. రైతు నిర్ణయం వరకు చూస్తే మొదటిదే అసలు మలుపు. స్లాబు కట్టేశాక మోటారు ఇంకో గంట ఆడినా అదనంగా పైసా ఖర్చు లేదు. ఉచితం వచ్చాక కూడా ఆ గంట ఖరీదు అదే సున్నా. మడి తడిశాక మోటారు ఆపినా, ఆపకపోయినా రైతు జేబుకు తేడా లేదు.

తేడా ఎవరికో అంకెల్లో చూడండి. 5 హార్స్‌పవర్ మోటారు 7 గంటలు ఆడితే సుమారు 26 యూనిట్లు. బోరులో నీళ్లుండి 24 గంటలూ ఆడితే సుమారు 90. ఈ రెండింటి మధ్య ఎక్కడ ఆగినా రైతుకు బిల్లు ఒక్కటే, కరెంటు పంపిణీ సంస్థ అయిన డిస్కంకు మాత్రం మూడింతలకు పైగా తేడా. తెలంగాణలోనే వ్యవసాయ కనెక్షన్లు 20 లక్షలు దాటాయి. పైవాడు తానే ధరను సున్నా చేసి కిందివాడికి అన్ని దారులూ సమానం చేశాడు. వాటిలో తనకు చవకైన దారినే అతను పడతాడని నమ్ముకున్నాడు. టోలులో ఒక్క రూపాయి సర్దుబాటుతో పూడిపోయిన గుంట ఇక్కడ పూడదు. ఎందుకంటే ఆ రూపాయిని పెట్టే మీటరూ లేదు, పెట్టే రాజకీయ ధైర్యమూ లేదు.

రైతు తన జవాబును పొలంలోనే చూపించాడు. దాని పేరు ఆటోస్టార్టర్. త్రీఫేజ్ కరెంటు అర్ధరాత్రి వస్తుందో, తెల్లవారుజామున వస్తుందో తెలియని రోజుల్లో అది సౌఖ్యం కోసం పెట్టుకున్నది కాదు. చీకట్లో పాముల మధ్య నడిచి, తడి నేల మీద నిలబడి స్టార్టర్ డబ్బా ముట్టుకుని ప్రాణాలు పోగొట్టుకున్న రైతులున్నారు. కరెంటు రాగానే మోటారు దానంతటదే ఆడే ఏర్పాటు చేసుకున్నందుకు వాళ్లను తప్పుపట్టే హక్కు ఎవరికీ లేదు. పర్యవసానం మాత్రం అందరి మీదా పడింది. ఫీడర్‌లోకి కరెంటు రాగానే మోటార్లన్నీ ఒక్కసారే లేస్తాయి. ఓల్టేజి పడిపోతుంది, ట్రాన్స్‌ఫార్మర్ కాలిపోతుంది, మోటార్ల వైండింగ్ మాడిపోతుంది. కాలిన మోటారు బాగుచేయించే ఖర్చు మళ్లీ రైతుదే. 2018 జనవరి 1 నుంచి తెలంగాణ ప్రభుత్వం వ్యవసాయానికి 24 గంటల కరెంటు మొదలుపెట్టింది. దానికి ముందూ వెనకా ఆటోస్టార్టర్లు తీసేయమని ప్రచారం నడిపింది. ఆశావాద ఊహ తనంతట తాను నిజం కాదని ప్రభుత్వానికే తెలుసు అనడానికి ఇంతకంటే రుజువు అక్కర్లేదు. రైతు ఎన్నడూ ఇవ్వని మాటను నిలబెట్టుకోమని అతన్ని అడిగారు.

రైతుకు అన్ని దారులూ సమానమని ఇంతవరకు అన్నాను. అది జేబు లెక్కలో. నేల కింద లెక్క వేరు. మన దక్కను నేలలో నీరు రాతి పగుళ్లలో, పైనున్న మెత్తటి పొరలో నిలుస్తుంది. ఆ నీటికి గట్లు లేవు. నేను మోటారు ఆపినంత మాత్రాన నా వాటా నా కోసం ఆగదు, పక్క బోరు తోడుకుంటుంది. కాబట్టి ఎక్కువ తోడటం మొండితనం నుంచి పుట్టింది కాదు, యాసంగి పంట మధ్యలో బోరు ఎండితే ఏం గతి అన్న భయం నుంచి పుట్టింది. కింది అంచెలో ఉన్నది ఒక్క రైతు కాదు, ఒకరినొకరు గమనించుకుంటున్న వందల మంది. వాళ్లందరినీ కలిపి ‘అనుచరుడు’ అని ఒకే గుర్తుతో రాసేసిన నమూనాలో ఈ భయం కనబడదు. బోర్ల మధ్య దూరాన్నీ అనుమతులనూ కట్టడి చేయడానికి 2002లో వాల్టా చట్టం తెచ్చారు. తవ్విన బోరు ఎన్ని గంటలు ఆడుతుందన్న ప్రశ్న ఆచరణలో దానికి అవతలే ఉండిపోయింది.

మీటర్లు పెడితే చాలనేవారికీ ఒక మాట. ఆంధ్రప్రదేశ్‌లో 2020లో వ్యవసాయ మోటార్లకు మీటర్లు బిగించి, బిల్లు సొమ్మును రైతు ఖాతాలో వేసి, అక్కడినుంచి డిస్కంకు చేర్చే పద్ధతిని శ్రీకాకుళం జిల్లాలో ప్రయోగంగా మొదలుపెట్టారు. ఎంత వాడారో తెలియడం మంచిదే, దాన్ని నేను తక్కువ చేయను. కానీ వచ్చిన బిల్లంతా ప్రభుత్వమే నింపితే తర్వాతి గంట ఖరీదు ఎప్పటిలాగే సున్నా. కింది అంచెలో ఏదీ మారలేదు. దీన్ని పంజాబ్ 2018లో మొదలుపెట్టిన ‘పానీ బచావో, పైసే కమావో’ పథకంతో పోల్చండి. అక్కడ ఇష్టపడి చేరిన రైతుకు ఇన్ని యూనిట్లని ముందే కేటాయిస్తారు. అందులో మిగిల్చిన ప్రతి యూనిట్‌కు 4 రూపాయలిస్తారు. కరెంటు అక్కడా ఉచితమే. కానీ మోటారు ఆపడం, ఆపకపోవడం ఇక సమానం కాదు. పైవాడు కిందివాడి మంచితనాన్ని నమ్ముకోకుండా, మొగ్గు మార్చడానికి అయ్యే ఖర్చు తానే భరిస్తున్నాడు. టోలులో తగ్గించిన రూపాయికి సరిగ్గా సమానమైనది ఇదే. ఇలాంటిది పెట్టినవాళ్లకే ఆశావాద లెక్క వేసుకునే అర్హత ఉంది.

గణితజ్ఞుల వైపు నుంచి ఇంకో సమర్థన వస్తుంది. నిరాశావాద రూపంలో ఒక్కోసారి ఉత్తమ నిర్ణయం అంటూ ఉండదు, దానికి దగ్గరగా పోతూనే ఉంటాం తప్ప చేరం, లెక్కించడం కూడా కష్టం అంటారు. నిజమే. కానీ ఆశావాద రూపమైనా తేలిక అని ఎవరన్నారు? అన్నీ సరళరేఖల సమీకరణాలే అయినా రెండంచెల సమస్య తేలిగ్గా లొంగదని 1985లో జెరోస్లో అనే పరిశోధకుడు చూపించాడు. అందుకే కింది అంచెను దాని ఉత్తమత షరతులతో మార్చేసి, ‘బిగ్ ఎం’ అనే పెద్ద అంకెను అంచనాగా పెట్టి కంప్యూటర్‌కు అప్పగించే అలవాటు వచ్చింది. ఆ అంకె చిన్నదైతే అసలు జవాబే తెగిపోతుంది. సరైన అంకె ఎంచుకోవడమే మూల సమస్యంత కష్టమని 2020లో అచ్చయిన పరిశోధనలో తేలింది. ఇన్ని ఇబ్బందులు పడటానికి సిద్ధపడినవాళ్లు, రైతు మాట దగ్గరకు వచ్చేసరికి మాత్రం కష్టమని వెనక్కి తగ్గడం నాకు మింగుడుపడదు. ఖచ్చితమైన ఉత్తమ నిర్ణయం అక్కర్లేదు. తీసుకున్న నిర్ణయానికి కిందివాళ్ల అతి ప్రతికూలమైన జవాబు వస్తే ఎంత నష్టమో లెక్కించడం అంతకంటే చాలా తేలిక.

ఈ ఊహ వల్ల జరిగే అన్నిటికన్నా పెద్ద అన్యాయం నింద. ప్రణాళిక తప్పినప్పుడల్లా రైతుకు అవగాహన లేదని, కరెంటు వృథా చేస్తున్నాడని వింటాం. పూర్వపు ఆంధ్రప్రదేశ్‌లో ఏడు కరువు జిల్లాల్లో రైతులే భూగర్భ జలాల బాధ్యత తీసుకున్న పథకం ఒకటి ఐక్యరాజ్యసమితి ఆహార, వ్యవసాయ సంస్థ తోడ్పాటుతో నడిచింది. రైతులు బావుల్లో నీటి మట్టం తామే కొలిచి, వానను తామే కొలిచి, ఊరందరూ కూర్చుని రబీకి ఎన్ని నీళ్లున్నాయో తేల్చుకుని పంటలు ఎంచుకున్నారు. అవగాహన లేనిది వాళ్లకు కాదు. పక్కవాడు ఏం చేస్తాడో తెలిసే ఏర్పాటు ఉన్నప్పుడు వాళ్ల జవాబు మారింది. పై అంచె లెక్కలో ఆ ఏర్పాటుకు చోటు పెట్టాలి.

రెండు రాష్ట్రాల విద్యుత్ నియంత్రణ మండళ్లూ ఛార్జీల మీద బహిరంగ విచారణలు జరుపుతాయి. మీటర్లు లేని మోటార్ల వాడకాన్ని డిస్కంలు కొన్ని ట్రాన్స్‌ఫార్మర్ల దగ్గర కొలిచి అంచనాగా చూపిస్తాయి. ఆ అంచనా పక్కన ఇంకో అంకె ఉండాలని రైతు సంఘాలూ, ఆ విచారణల్లో మాట్లాడే నిపుణులూ పట్టుబట్టాలి. ఇచ్చిన గంటలన్నీ, నీళ్లున్న ప్రతి బోరూ ఆడితే ఎన్ని యూనిట్లు, ఎంత సబ్సిడీ, నీటి మట్టం ఎంత లోతుకు దిగుతుంది అన్న అంకె. ఆ రెండింటి మధ్య దూరాన్ని తగ్గించడానికి ప్రభుత్వం ఏం చెల్లించబోతోందో అదే కాగితం మీద రాయాలి.