పదకొండుమంది కథలు కావాలి

ఆగస్టు 29న పాఠశాలల్లో రెండు వేడుకలు జరుగుతాయి. ఒకటి గిడుగు రామమూర్తి పంతులు పుట్టినరోజున తెలుగు భాషా దినోత్సవం. రెండవది హాకీ మాంత్రికుడు ధ్యాన్‌చంద్ పుట్టినరోజున జాతీయ క్రీడా దినోత్సవం. తేదీ ఒకటే అయినా ఒక వేడుకకు మరొకదానితో పొత్తు లేదు. భాష వేడుకలో ఆట ఉండదు, ఆట వేడుకలో పుస్తకం కనిపించదు. ఈ రెంటినీ కలపగలిగినవి పిల్లల కోసం రాసిన ఆటల కథలు. తెలుగులో అవే కరవు.

మన పిల్లలు వినే కథల్లో తెనాలి రామకృష్ణుడో, మర్యాద రామన్నో, సాహసం చేసే రాజకుమారుడో ఉంటాడు. అవి మంచి కథలే. కాని వాటిలో గెలిచేది ఒక్కడే. రేపు ఆ పిల్లలు చేయవలసినవి పదిమంది పనులు. చెరువు కట్ట తెగితే పూడ్చడం, కాలువ నీటికి వంతులు వేసుకోవడం, పొదుపు సంఘం నడపడం ఒక్కడి తెలివితో అయ్యేవి కావు. ఆ పాఠం చెప్పడానికి హాకీ కథకు మించినది లేదు. గోలు ముందున్న అర్ధవలయంలోకి బంతి చేరాలంటే చేతులు మారక తప్పదు. బంతిని తన దగ్గరే అట్టిపెట్టుకున్నవాడు జట్టును ఓడిస్తాడు.

ఇలాంటి కథకు సరుకు ఎక్కడో వెతకనక్కరలేదు. 2016లో రియో ఒలింపిక్స్‌లో మన మహిళల హాకీ జట్టు అట్టడుగున పన్నెండో స్థానంలో నిలిచింది. 2021లో జరిగిన టోక్యో ఒలింపిక్స్‌లో మొదటి మూడు ఆటలూ ఓడింది. అంతటితో పని అయిపోయిందనుకున్నవారే ఎక్కువ. ఆ జట్టే ఐర్లండును, దక్షిణాఫ్రికాను ఓడించి, క్వార్టర్ ఫైనల్లో ఆస్ట్రేలియాను 1-0తో పడగొట్టింది. చివరకు కాంస్య పతకం ఆటలో బ్రిటన్ చేతిలో 3-4తో ఓడింది. పతకం రాలేదు. అయినా దేశం ఆ అమ్మాయిలను నెత్తిన పెట్టుకుంది.

ఆ టోక్యో బృందంలో ఉమ్మడి చిత్తూరు జిల్లా యనమలవారిపల్లె అమ్మాయి రజని కూడా ఉంది. గోలు ముందు నిలిచి పేరు తెచ్చుకున్నది సవిత. రజని రిజర్వు గోల్‌కీపరు. పిలుపు వస్తుందో రాదో తెలియకపోయినా అందరితో సమానంగా సాధన చేసి, ఏ క్షణానికైనా సిద్ధంగా ఉండడం రిజర్వు ఆటగత్తె పని. పిల్లల కథకు ఇంతకంటె గొప్ప పాత్ర ఏముంటుంది?

చివరి నిమిషంలో కథానాయకుడు గోలు కొట్టడం, కప్పు రావడం, కథ కంచికి వెళ్లడం, ఈ మూస కథలు మనకు అక్కరలేదు. ఓడిన సాయంత్రం ఇంటికి నడిచి వచ్చిన పిల్లవాడు, మర్నాడు తెల్లవారుజామున కర్ర పట్టుకుని మళ్లీ మైదానానికి ఎందుకు వెళ్లాడో కథ చెప్పాలి. మైదానమే లేని ఊళ్లో, వెదురు కర్రతో ఆట మొదలుపెట్టిన పిల్లల సంగతి చెప్పాలి.

ఇందుకు లక్షలు అక్కరలేదు. ఇంటిపన్నుతో పాటు గ్రామస్థులు గ్రంథాలయ సెస్సు కడుతూనే ఉన్నారు. అందులో పిల్లల పుస్తకాల వాటా ఎంతో అడిగే హక్కు వారికి ఉంది. ఆగస్టు 29న శాలువలకు పెట్టే ఖర్చుతో దాతలు నాలుగు పుస్తకాలు కొనవచ్చు. తెలుగు మాస్టారు, డ్రిల్లు మాస్టారు కలిసి పిల్లల చేతనే ఆట కథలు రాయించి గోడపత్రికలో పెట్టవచ్చు. కొన్న పుస్తకాలకు మాత్రం బీరువాలో తాళం వేయరాదు. బంతిలాగే పుస్తకమూ చేతులు మారితేనే ప్రయోజనం.