బంట్రోతు పిలిచినప్పుడు పలకకపోతే కేసు పోతుంది!

కిష్టారం, చుట్టుపక్కల పల్లెల దోర్ల, కోయ, ముడియ అన్నదమ్ములారా, అక్కచెల్లెళ్లారా! సల్వా జుడుం రోజుల్లో ఊళ్లు విడిచి చర్ల, చింతూరు అడవుల్లో తలదాచుకున్న గొత్తికోయ బంధువులారా!

వాదన విన్నాక ఓడిపోతే పై కోర్టు ఉంది. బంట్రోతు పేరు పిలిచినప్పుడు మన తరఫున ఎవరూ పలకకపోతే మాత్రం జడ్జి మన గోడులోని తప్పొప్పులు చూడరు. గైర్హాజరు అని రాసి కొట్టేస్తారు. పోయిన భూమి గురించి, కాలిన ఇంటి గురించి ఒక్క ముక్క కూడా విచారించకుండానే ఫైలు మూతపడుతుంది.

ఛత్తీస్‌గఢ్ హైకోర్టు బిలాస్‌పూర్‌లో ఉంది. ఇక్కడి నుంచి 500 కిలోమీటర్ల పైమాటే. వాగులు పొంగితే కొంట చేరడమే గగనం. ఆర్డరు ఇంగ్లీషులో, వకీలు మాట హిందీలో, మన మాట గోండిలో, దోర్లలో. ఇవేవీ ఆ గైర్హాజరు కాగితం మీద కనబడవు. వకీలు రాకపోయినా నష్టం మనకే. వకీలు తప్పుకు కక్షిదారు బలికాకూడదని 1981లో రఫీక్ కేసులో సుప్రీంకోర్టు చెప్పి, కొట్టేసిన అప్పీలును తిరిగి నిలబెట్టింది. ప్రతిసారీ అంత దయ దొరుకుతుందని నమ్మి కూర్చోకండి.

భూమి దావాలున్నవాళ్లు ఇది రెండుసార్లు చదివించుకోండి. దావా గానీ అప్పీలు గానీ గైర్హాజరుతో పోతే, తిరిగి తెరవమని అడగడానికి గడువు 30 రోజులు. అది దాటితే ఆలస్యాన్ని మన్నించమని వేరే అర్జీ పెట్టాలి. మలేరియా వచ్చిందా, దారి మూసేశారా, వకీలు వాయిదా చెప్పలేదా, ఉన్నది ఉన్నట్టు రాయించండి. ఆసుపత్రి చీటీ జతచేయండి. అవతలివాడు హాజరై, మనం రాక దావా పోతే, అదే విషయం మీద మళ్లీ కొత్త దావా వేయనివ్వరు. హైకోర్టు రిట్ల నిబంధనలు వేరు, కానీ అక్కడా తిరిగి తెరవమని అడగొచ్చు.

జైల్లో ఉన్నవాళ్ల ఇంటివాళ్లకు ఇంకో మాట. శిక్ష మీద వేసిన అప్పీలును వకీలు రాలేదన్న సాకుతో కొట్టేయకూడదని, రికార్డు చూసి తేల్చాలని 1996లో బానీ సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అలా కొట్టేసి ఉంటే ఊరుకోవద్దు.

పట్టు వదలకపోతే ఏమవుతుందో మనమే చూశాం. సామాజిక శాస్త్రవేత్త నందినీ సుందర్, చరిత్రకారుడు రామచంద్ర గుహ, మన మాజీ ఐఏఎస్ అధికారి ఇ.ఎ.ఎస్. శర్మ సల్వా జుడుం మీద 2007లో సుప్రీంకోర్టులో వేసిన పిటిషన్ నాలుగేళ్లు నిలబడింది. 2011 జూలై 5న జస్టిస్ సుదర్శన్ రెడ్డి, జస్టిస్ నిజ్జర్ ఆదివాసీ యువకుల చేతికి తుపాకులిచ్చి ప్రత్యేక పోలీసు అధికారులను (ఎస్పీవోలను) చేయడం రాజ్యాంగ విరుద్ధమన్నారు. తీర్పు అమలు సంగతి వేరే కథ. ఆ తీర్పైనా వచ్చింది అడిగేవాళ్లు చివరిదాకా హాజరైనందుకే.

1987 న్యాయసేవా సంస్థల చట్టం కింద ఆదివాసులకు ఆదాయంతో పని లేకుండా ఉచిత వకీలు వస్తాడు. 15100కు ఫోను చేయండి. జిల్లా న్యాయసేవా సంస్థవాళ్లు కిష్టారం వచ్చి శిబిరం పెట్టాలని, సుక్మా నుంచే వీడియోలో హాజరు కానివ్వాలని, వాయిదా తేదీ మన భాషలో చెప్పాలని అర్జీ సిద్ధం చేస్తున్నాం. వేలిముద్రకో సంతకానికో ఇంటికొకరు రండి.

వచ్చే సంతరోజు చింతచెట్టు కింద కూర్చుంటాం. వకాలతు నకలు, పాత ఆర్డరు, వకీలు చీటీ, ఏది ఉంటే అది కవరులో పెట్టి తెండి. కేసు నంబరు ఒక్కటున్నా మీ వాయిదా ఎప్పుడో, ఫైలు బతికుందో లేదో ఫోనులో చూసి చెబుతాం. అసలు కాగితాలు మాత్రం ఎవరి చేతికీ ఇవ్వకండి, మాకైనా సరే.