ఆరోగ్య విషయములు: తలలోని చిన్న గ్రంథి, దానియందు పుట్టు కంతులు

స్త్రీలు కొన్ని బాధలను కన్నతల్లితోనైనను చెప్పుకొనరు. బిడ్డ పాలు మఱచి యేండ్లు గడచినను రవికె తడియుట యట్టిది. గర్భము లేకయే నెలల తరబడి ముట్టు నిలిచిపోవుటయు నట్టిదే. పెండ్లియై అయిదాఱేండ్లు గడచినను కడుపు పండనిచో ఇంటి పెద్దలు మ్రొక్కులు మ్రొక్కుదురు. కోడలి జాతకము చూపింతురు. లోలోన నామెనే నిందింతురు. ఆమెయు నొసటి వ్రాత యని యూరకుండును. ఈ మూడు బాధలకును తలలోని బఠాణీగింజయంత గ్రంథిలో పుట్టిన కంతి యొక్కటియే కారణము కావచ్చుననియు, దానిని పెక్కుసారులు మాత్రలతోనే యణచవచ్చుననియు నెఱిగిన యిండ్లు తక్కువ. అందుచే నీ మాసము పీయూష గ్రంథినిగూర్చి వ్రాయుచున్నాము. వైద్యులు దీనిని పిట్యూటరీ గ్రంథి యందురు.

ఈ గ్రంథి ముక్కు మొదటికి వెనుకగా, మెదడు క్రింద, పుఱ్ఱె యెముకలో గుఱ్ఱపు జీనువలె నున్న చిన్న గుంటలో నమరియున్నది. దీని బరువు సుమారు అరగ్రాము. ఇంత చిన్నదైనను, తాళపుచెవుల గుత్తి కొంగున గట్టుకొని యెవరి కెంత పెట్టవలయునో చూచు ఇంటి పెద్దవంటి దిది. ఇది రక్తములోనికి విడుచు హార్మోనులను రసములచేతనే పిల్లలు ఎదుగుదురు. నెలనెలకు ముట్టు వచ్చును. బాలింతకు పాలు పడును. గొంతులోని థైరాయిడు గ్రంథియు, మూత్రపిండములపై నుండు అడ్రినల్ గ్రంథులును తమ పనిని చేయును. పీయూషమనగా అమృతము, జున్నుపాలకును ఆ పేరు కలదు. పాలను పుట్టించు గ్రంథికి తగిన పేరే.

ఇక కంతి యెట్లు పుట్టును? గ్రంథిలోని యొకానొక కణము అదుపు దప్పి, ఒకటి రెండై, రెండు నాలుగై పెరుగుటచే నది యేర్పడును. ఈ పెరుగుదల మిక్కిలి మెల్లనిది, ఏండ్లు పట్టును. వీనిలో చాలవరకు క్యాన్సరు జాతివి గావు, ఇతరావయవములకు ప్రాకవు. 10 మిల్లీమీటర్లకు లోబడినవానిని చిన్నవనియు, ఆపైవానిని పెద్దవనియు వైద్యులు చెప్పుదురు. కొలది కుటుంబములలో వంశపారంపర్యముగా వచ్చుట కలదుగాని, తక్కిన వారికి దీనితో పూర్వుల సంబంధము లేదు. ఇది అంటువ్యాధి గాదు. తినకూడనిది తినుటచేత వచ్చినది గాదు. ఎవరి పాపఫలమును గాదు. వేఱు కారణములచే మరణించిన వారి దేహములను పరీక్షింపగా, సుమారు పదిమందిలో నొకరికి ఈ గ్రంథిలో చిన్న కంతి కానవచ్చినది. వారికి బ్రతికియున్నప్పుడు దానివలన బాధయే లేదు. కావున "తలలో కంతి" యను మాట విన్నంతనే ఇల్లెల్ల శోకింప నక్కఱలేదు.

అయినను కొన్ని కంతులు రెండు విధముల కీడు చేయును: హార్మోనును మితిమీరి స్రవించుట యొకటి, ప్రక్కనున్నవానిని నొక్కుట రెండవది.

మితిమీరి స్రవించువానిలో ప్రొలాక్టిన్ అను పాలహార్మోను కంతులే యెక్కువ. బిడ్డ చన్ను కుడుచునంతకాలము తల్లికి వెంటనే మరల గర్భము నిలువకుండ ప్రకృతి యొక యేర్పాటు చేసినది గదా! ప్రొలాక్టిన్ హెచ్చుగానున్నప్పుడు అండము విడుదల కాదు, ముట్టును నిలుచును. బిడ్డ లేని స్త్రీకి ఈ హార్మోను కంతివలన హెచ్చినను దేహము తాను బాలింతననియే భ్రమించును. పురుషులకును ఈ కంతి వచ్చును. దానిచే వారికి సంతానశక్తి తగ్గును. కావున సంతానము లేనిచో దంపతు లిరువురును పరీక్షింపబడవలయునేగాని కోడలి నొక్కతెనే తప్పుపట్టుట న్యాయము గాదు.

ఎదుగుదల హార్మోను పెద్దలయందు హెచ్చినచో ఎత్తు పెరుగరు. చేతులు, పాదములు, దవడ పెరుగును. ఫ్రాన్సు దేశపు వైద్యుడు పియేరు మారీ 1886లో ఈ వ్యాధిని వర్ణించి పేరు పెట్టెను. ఉంగరము వ్రేలికి పట్టదు, పాత కొలత గాజులు చేతికెక్కవు, చెప్పులు బిగుతగును, పండ్ల నడుమ సందులేర్పడును, గుఱక హెచ్చును, మధుమేహమును, రక్తపుపోటును తోడగును. రోజును చూచువారి కీ మార్పు తెలియదు. పెండ్లినాటి ఛాయాపటము ప్రక్కన నిలిచినప్పుడు తెలియును.

మూడవది అడ్రినల్ గ్రంథులను మితిమీరి పురికొల్పు కంతి. అమెరికా దేశపు శస్త్రవైద్యుడు హార్వే కుషింగు 1912లో ప్రకటించిన గ్రంథమున 23 ఏండ్ల యువతి కథ నొకదానిని వ్రాసెను. 1932లో ఈ వ్యాధికి పీయూష గ్రంథిలోని చిన్న కంతులే మూలమని వాదించెను. ముఖము గుండ్రబడుట, పొట్ట పెరిగి కాలుచేతులు సన్నగిలుట, పొట్టపై ఊదారంగు చారలు, కొద్ది తాకుడుకే కమిలిపోవుట, మోమున వెండ్రుకలు, పీటమీదినుండి చేతి యూత లేనిదే లేవలేకపోవుట దీని గుర్తులు. స్టిరాయిడు మందులను చిరకాలము వాడినను ఇవియే గుర్తులు కానవచ్చును. కీళ్లనొప్పులకని, ఉబ్బసమునకని పేరు తెలియని పొడులు మ్రింగువారు దీనిని జ్ఞాపకముంచుకొనవలయును.

పెద్ద కంతి చేయు కీడు వేఱు. ఈ గ్రంథికి సరిగా పైననే రెండు కన్నుల నరములును ఒకదాని నొకటి దాటుచుండును. కంతి క్రిందినుండి నొక్కగా రెండు ప్రక్కల చూపు తగ్గును. ఎదుటిది మాత్రము బాగుగనే కనబడుచుండును. కావుననే రోగి చాలకాలము దీని నెఱుగడు. తలుపు చట్రమునకు భుజము తగులుట, ప్రక్కనుండి వచ్చు బండి కనబడకుండుట సంభవించినచో "చూచి నడువరాదా" యని కసరుకొనక, కంటివైద్యునిచే ప్రక్కచూపును పరీక్ష చేయింపుడు. సకాలమున నొత్తిడి తీసినచో చూపు చాలమందికి మరలును. ఆలస్యమైనచో పోయినది పోయినట్లే యుండవచ్చును. విడువని తలనొప్పి, చలికి తాళలేకపోవుట, కారణము లేని నీరసమును గ్రంథి నలిగినదనుటకు గుర్తులు కావచ్చును.

పరీక్షకు వెళ్లునప్పుడు తెలిసికొనదగిన విషయ మొకటి కలదు. ప్రొలాక్టిన్ హెచ్చిన ప్రతివారికిని కంతి యుండదు. గర్భమే దానికి కారణము కావచ్చును; థైరాయిడు తక్కువగుట కావచ్చును; వాంతులకు వాడు డాంపెరిడోన్, మెటోక్లోప్రమైడు వంటి మందులును, కొన్ని మానసిక వ్యాధుల మందులును కావచ్చును. కావున వాడుచున్న మందులన్నిటిని వైద్యునికి చూపవలయును. కాని యాతని యనుమతి లేక దేనిని మానరాదు. ఈ కారణములు లేవని తేలిన పిమ్మట ఎం.ఆర్.ఐ. అను చిత్రమువలన కంతిని చూతురు.

చికిత్సలో సంతోషింపదగిన మాట యేమన, పాలహార్మోను కంతులకు చాలమందికి కత్తి అవసరము లేదు. 1970ల దశకమునుండి బ్రోమోక్రిప్టిన్, తరువాత కాబెర్గోలిన్ వాడుకలోనికి వచ్చినవి. కాబెర్గోలిన్ మాత్రను సామాన్యముగా వారమునకు ఒకటి రెండు సారులు మాత్రమే పుచ్చుకొందురు. భోజనానంతరము, నిద్రకు ముందు పుచ్చుకొన్నచో వికారము, తలతిప్పుట తగ్గును. పాలు ఇంకును, ముట్టు మరల వచ్చును, కంతి కుదించుకొనును. ముట్టు రాకమునుపే గర్భము నిలుచుటయు కలదు. అట్లయినచో వెంటనే వైద్యునికి తెలుపవలయును.

తక్కిన కంతులలో పెక్కింటికి శస్త్రచికిత్సయే ముఖ్యము. 1907లో ఆస్ట్రియా దేశమున ఇన్‌స్‌బ్రుక్ నగరమందు హెర్మన్ ష్లోఫరు ముక్కు మార్గమున ఈ గ్రంథిని చేరి కంతిని తీసెను. 1960ల దశకమున కెనడా దేశమందలి మాంట్రియాల్ నగరమున జూల్స్ హార్డీ సూక్ష్మదర్శినితో ఆ పనిని సుగమము చేసెను. ఇప్పుడు ముక్కులోనికి సన్నని దర్శిని గొట్టమును పోనిచ్చి చేయుచున్నారు. పెక్కుమందికి తల గొరుగుటయు, పుఱ్ఱె తెఱచుటయు నక్కఱలేదు. మిగిలిన భాగమునకు సూదిమందులు, కిరణ చికిత్స కలవు. బాధ లేని చిన్న కంతిని మాత్రము అప్పుడప్పుడు చిత్రము తీయించి కనిపెట్టియుండుటయే చాలును.

ఇంట సేవ చేయువారికి నాలుగు మాటలు. శస్త్రచికిత్స జరిగిన పిదప ముక్కునుండి నీరువలె కారినను, అతిదాహమును అతిమూత్రమును కలిగినను వెంటనే తెలుపుడు. హైడ్రోకార్టిసోన్ మాత్ర లిచ్చియున్నచో ఒక్కపూటయైనను మానరాదు. జ్వరము వచ్చినప్పుడు మోతాదు నెంత హెచ్చింపవలయునో ముందే యడిగి వ్రాసియుంచుకొనుడు. వాంతులచే మాత్ర నిలువనిచో ఇంజెక్షనుకై ఆసుపత్రికి కొనిపోవలయును. హఠాత్తుగా భరింపరాని తలనొప్పి, వాంతులు, చూపు మందగించుట, కనుఱెప్ప వాలుట కనబడినచో కంతిలో రక్తస్రావము జరిగియుండవచ్చును, తెల్లవాఱువఱకు వేచియుండరాదు.

ఈ రోగము మెల్లగా వచ్చును. ముందుగా స్త్రీ సిగ్గుచే దాచుకొను చోటనే కనబడును. దాచిన కాలమంతయు కంతికి లాభము, మనకు నష్టము. కోడలు రవికె తడిసినదని చెప్పలేకున్నను, ముట్టు నిలిచి మూడు నెలలైనదని అత్తగారికి తెలియకపోదు. ఆమెను చాటునకు పిలిచి, "అమ్మాయీ! రేపు వైద్యురాలియొద్దకు పోవుదము, నేనును నీ వెంట వత్తును" అని పలుకుడు. మ్రొక్కుబడులు తరువాతనైనను తీర్చుకొనవచ్చును. ముందు నడువవలసినది ఆసుపత్రికే యని మా మనవి.