వైజయంతి కొట్టడానికి కారణం కావాలా?

1990లో చిలకలూరిపేటలో నేను ఇంటర్ చదువుతున్నాను. ‘కర్తవ్యం’ సినిమాకి మా వీధి ఆడవాళ్లతో కలిసి మొదటాటకు వెళ్లాను. వాళ్లంతా ఆ ఎండాకాలం మిరప కల్లాల్లో తాలుకాయలు ఏరినవాళ్లు. చేతుల మంటకి రాత్రిళ్లు నూనె రాసుకుని పడుకునేవాళ్లు. తెర మీద ఖాకీ బట్టల్లో విజయశాంతి రౌడీని ఎగిరి తన్నింది. నేల మీద కూర్చున్న మా పెద్దమ్మ లేచి నిలబడింది. ఇంటికి నడిచొస్తూ అంది కదా, “ఏందే, ఆమెని ఎవరూ ఏమీ చెయ్యకముందే కొట్టిందే!”

ఆ మాటలో ఎంత విమర్శ ఉందో నాకు అర్థం కావడానికి చాలా ఏళ్లు పట్టింది.

తెలుగు సినిమాలో ఆడది చెయ్యెత్తాలంటే ముందు ఆమె శరీరం మీద గాయం పడాలి. ‘ప్రతిఘటన’ (1985)లో లెక్చరర్ ఝాన్సీ గొడ్డలి పట్టింది. అయితే అంతకుముందే ఆమెని నడివీధిలో వివస్త్రను చేశారు. ‘ఒసేయ్ రాములమ్మా’ (1997)లో రాములమ్మ తుపాకీ పట్టేలోపే దొర ఆమెని చెరిచాడు. ఆ పాత్రలు వేసింది విజయశాంతే. ఆ సినిమాలు నన్నూ కదిలించాయి. కానీ షరతు చూడండి. గాయాన్ని మనందరి ముందూ ప్రదర్శిస్తేనే ఆమె కోపానికి అనుమతి. హీరోకి ఈ షరతు ఉందా? ఎవడో తొడగొడితే చాలు, వాడి కోపం చెల్లుతుంది.

‘కర్తవ్యం’లో వైజయంతి కొట్టింది అది ఆమె ఉద్యోగం కాబట్టి. సినిమా పేరే ఆ సంగతి చెబుతోంది. కిరణ్ బేడీ స్ఫూర్తితో రాసిన ఆ పాత్రకి విజయశాంతి జాతీయ ఉత్తమనటి అవార్డు అందుకుంది. పరిశ్రమ మాత్రం ఆమెకి ‘లేడీ అమితాబ్’ అని పేరు పెట్టింది. ఆమె బలాన్ని ఒప్పుకోవడానిక్కూడా ఒక మగాడి పేరు అరువు కావాల్సొచ్చింది!

మనం మాత్రం తక్కువ తిన్నామా? ‘ఇది మగతనాన్ని అనుకరించడమే’ అని సెమినార్లలో తేల్చేశాం. మా పేటలో టిక్కీలు మోసే మగాడికి ఎక్కువ కూలి, పొద్దస్తమానం వంగి పత్తి తీసే ఆడదానికి తక్కువ కూలి. మగాళ్ల సొత్తు బలం కాదు, ఆ బలానికి కట్టే ధర. పొలం నుంచి పత్తి మూట నెత్తిన పెట్టుకుని నడిచొచ్చిన మా పెద్దమ్మ తెర మీద చూసింది మగతనాన్ని కాదు, తన ఒంటిని.

ఖాకీని నమ్మొచ్చా అన్నది ఇంకో అభ్యంతరం. అది న్యాయమైనదే. 1978లో హైదరాబాదులో రమీజాబీ మీద అత్యాచారం జరిగింది పోలీస్ స్టేషన్లోనే. ఆ సంగతి మరిచి వైజయంతికి చప్పట్లు కొట్టమని నేను అనను. కానీ పోలీసు హీరోలు పుట్టలు పుట్టలుగా వచ్చారు. వాళ్లలో ఎంతమందిని మనం ఈ ప్రశ్న అడిగాం?

తర్వాతేం జరిగిందో చూడండి. పదమూడేళ్ల విరామం తర్వాత 2020లో ‘సరిలేరు నీకెవ్వరు’తో విజయశాంతి తిరిగొచ్చింది. వేసింది ప్రొఫెసర్ భారతి పాత్ర. ఆమె కుటుంబాన్ని కాపాడటానికి సైనికుడైన హీరో వచ్చాడు. 2025 ఏప్రిల్లో మళ్లీ పోలీసు అధికారిణి అయింది, పేరు మళ్లీ వైజయంతే. సినిమా పేరు ‘అర్జున్ సన్నాఫ్ వైజయంతి’. ముప్పై అయిదేళ్ల కిందట కొడుకు అవసరం లేకుండా సినిమాని మోసిన మనిషి చివరికి కొడుకు పేరు వెనక నిలబడింది. అదే ఏడాది సంక్రాంతికి అరవై నాలుగేళ్ల బాలకృష్ణ ‘డాకు మహారాజ్’ అయ్యాడు. ‘లారీ డ్రైవర్’ (1990)లో ఈమె ఆయనకి జోడీ. వయసు ఇద్దరికీ వచ్చింది, తల్లి వేషం మాత్రం ఒక్కరికే వచ్చింది.

సినిమావాళ్లని తిట్టి చేతులు దులుపుకోవడం నాకిష్టం లేదు. నా సంగతీ చెబుతాను. చాలా ఏళ్ల కిందట ఒక కథ రాశాను. అందులో ఒకామె ఒక పొద్దున ఇల్లు వదిలి వెళ్లిపోతుంది, అంతే. ‘కారణం బలంగా లేదు’ అని సంపాదకురాలు తిప్పి పంపారు. నేను భర్త చేత ఆమెని రెండుసార్లు కొట్టించి మళ్లీ పంపాను. అచ్చయింది. బాగుందని ఉత్తరాలు కూడా వచ్చాయి.

ఆ దెబ్బలు కొట్టింది భర్త కాదు, నేను. ఆమె వెళ్లడానికి నేనడిగిన సుంకం అది. స్త్రీవాద కథలని మనం పిలుచుకునేవాటిలో ఈ సుంకం కట్టకుండా గడప దాటినవాళ్లు ఎంతమంది? ఒకసారి మీ కథలు కూడా తీసి చూసుకోండి. నేను మాత్రం ఆ కథని మొదట రాసినట్టే మళ్లీ రాస్తున్నాను.