మత్తుకు తాళం పడేదెలా?

వారాంతపు రాత్రి కూడళ్లలో పోలీసులు వాహనాలను ఆపి, చోదకుల నోటికి గొట్టం అందించి ఊదమనడం నేడు నగరవాసులకు నిత్యపరిచితమైన దృశ్యం. యంత్రం చూపిన అంకెను బట్టి కేసు నమోదవుతుంది. వాహనం పోలీసు ఠాణాకు చేరుతుంది. భార్యనో తండ్రినో వెంటబెట్టుకుని కౌన్సెలింగ్‌కు హాజరు కావడం, ఆపై న్యాయస్థానంలో తలవంచుకుని నిలబడటం, జరిమానా చెల్లించడం వరుసగా జరిగిపోతాయి. కొందరు నాలుగు రోజులు జైలులో గడిపి వస్తారు. లైసెన్సు కొంతకాలం రద్దవుతుంది. అంతటితో చట్టం తన పని ముగిసిందని భావిస్తుంది. నిజానికి అసలు ప్రశ్న అక్కడే మొదలవుతుంది. లైసెన్సు లేని ఆ ఆరు నెలలూ ఆ మనిషి ఏం చేస్తున్నాడు? గడువు తీరి లైసెన్సు తిరిగి చేతికి వచ్చిన నాటికి అతడు మారాడని పూచీ ఎవరిది? ఈ రెండు ప్రశ్నలకూ మన వ్యవస్థ వద్ద సమాధానం లేదు.

చట్టంలో కాఠిన్యం కొరవడిందని అనలేము. 100 మిల్లీలీటర్ల రక్తంలో 30 మిల్లీగ్రాములకు మించి ఆల్కహాల్ ఉంటే నేరమని 1988 నాటి మోటారు వాహనాల చట్టంలోని 185వ సెక్షన్ నిర్దేశిస్తోంది. అమెరికాలోని అత్యధిక రాష్ట్రాలు అనుమతిస్తున్న 80 మిల్లీగ్రాముల పరిమితితో పోలిస్తే మనది ఎంతో కట్టుదిట్టమైనది. 2019 సవరణతో తొలి తప్పిదానికి జరిమానా 2,000 రూపాయల నుంచి 10,000 రూపాయలకు పెరిగింది. ఆరు నెలల వరకు జైలుశిక్షకూ వీలుంది. మళ్లీ పట్టుబడితే 15,000 రూపాయల జరిమానా, రెండేళ్ల దాకా ఖైదు. ఈ నేరం రుజువైన వ్యక్తిని కనీసం ఆరు నెలలపాటు వాహనం నడపడానికి అనర్హునిగా ప్రకటించాలని అదే చట్టంలోని 20వ సెక్షన్ న్యాయస్థానాలను ఆదేశిస్తోంది. మద్యం మత్తులో వాహనం నడిపిన వారి లైసెన్సులను కనీసం మూడు నెలలు సస్పెండ్ చేయాలని సుప్రీంకోర్టు నియమించిన రహదారి భద్రతా కమిటీ 2015లోనే రాష్ట్రాలకు స్పష్టం చేసింది. జాతీయ, రాష్ట్ర రహదారులకు 500 మీటర్ల లోపు మద్యం దుకాణాలు ఉండరాదని 2016 డిసెంబరులో సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. శాసనాలకూ, తీర్పులకూ మన దేశంలో ఎన్నడూ కొదవ లేదు.

కొదవ ఉన్నదల్లా ఆచరణలోనే. లైసెన్సు అనేది ఒక కాగితం, లేదా ఒక కార్డు, కాకుంటే ‘సారథి’ కంప్యూటరులో ఒక నమోదు. దాన్ని రద్దు చేసినంత మాత్రాన బండి తాళంచెవి జేబులో నుంచి మాయం కాదు. ఏ పోలీసూ ఆపనంత కాలం అనర్హుడు అర్హుని మాదిరే వాహనం నడుపుకుంటాడు. పట్టుబడితే 182వ సెక్షన్ కింద మూడు నెలల ఖైదు, 10,000 రూపాయల జరిమానా ఉండవచ్చు; కానీ పట్టుబడే అవకాశం ఎంత స్వల్పమో అందరికీ తెలుసు. పర్యవసానంగా చట్టాన్ని లెక్కచేయని వాడికి శిక్ష తగలడం లేదు. చట్టానికి తలవంచిన వాడికి మాత్రం అది రెండింతలుగా తగులుతోంది. లారీయో, ఆటోయో, టాక్సీయో నడుపుకుని బతికే వ్యక్తి నిజాయతీగా ఆరు నెలలు ఇంట్లో కూర్చుంటే ఆ ఇంట పొయ్యి వెలగదు. ఇక గడువు ముగిసిన తర్వాత ఇద్దరికీ ఒకే విధంగా లైసెన్సు తిరిగి దక్కుతుంది. లైసెన్సింగ్ అధికారి సస్పెండ్ చేసిన సందర్భాలలో రిఫ్రెషర్ శిక్షణ పొందాలని 2019 సవరణ చెప్పిన మాట నిజమే. అయితే స్టీరింగ్ తిప్పడం మరచిపోయినందుకు కాదు కదా లైసెన్సు పోయింది! తాగి బండి ఎక్కే అలవాటు వదిలిందా లేదా అన్నది ఏ శిక్షణ తరగతీ తేల్చలేదు.

ఈ ఉదాసీనతకు దేశం చెల్లిస్తున్న మూల్యం సామాన్యమైనది కాదు. కేంద్ర రవాణా శాఖ నివేదిక ప్రకారం 2022లో దేశంలో 4,61,312 రోడ్డు ప్రమాదాలు జరిగి 1,68,491 మంది ప్రాణాలు కోల్పోయారు. వీటిలో మద్యం మత్తు ఖాతాలో అధికారికంగా చేరినవి సుమారు రెండున్నర శాతం మరణాలు మాత్రమే. ప్రతి ప్రమాదంలోనూ చోదకుని రక్తపరీక్ష సకాలంలో జరగని దేశంలో ఈ అంకె వాస్తవాన్ని పూర్తిగా చూపుతుందని నమ్మడం కష్టం. 2016 జూలై 1న హైదరాబాదు పంజాగుట్టలో మద్యం సేవించిన విద్యార్థుల కారు డివైడర్ దాటి ఎగిరి మరో కారుపై పడింది. కొత్త బడిలో తొలిరోజు ముగించుకుని వస్తున్న చిన్నారితో పాటు ఆ కుటుంబంలో మరో ఇద్దరు అసువులు బాశారు. అలాంటి దుర్ఘటన జరిగిన ప్రతిసారీ సంతాపాలు, తనిఖీలు, ప్రకటనలు హోరెత్తుతాయి. నెల తిరిగేసరికి అంతా సద్దుమణుగుతుంది. చేతులు కాలాక ఆకులు పట్టుకోవడం మనకు విధానమై కూర్చుంది.

ఇదే సమస్యతో సతమతమైన అమెరికా కొంత భిన్నమైన దారి తొక్కింది. పదమూడేళ్ల కుమార్తెను తాగిన చోదకుడి కారణంగా పోగొట్టుకున్న ఒక తల్లి 1980లో ప్రారంభించిన ఉద్యమం అక్కడి చట్టసభలను కదిలించింది. లైసెన్సుల రద్దు విరివిగా అమలైంది. కానీ లైసెన్సు కోల్పోయిన వారిలో అత్యధికులు ఎంతో కొంత వాహనం నడుపుతూనే ఉన్నారని అధ్యయనాలు వెల్లడించాయి. మనిషిని వాహనానికి దూరంగా ఉంచలేనప్పుడు మత్తును వాహనానికి దూరంగా ఉంచాలన్న ఆలోచన అప్పుడు బలపడింది. అదే ఇగ్నిషన్ ఇంటర్‌లాక్. 1986లో కాలిఫోర్నియా దీన్ని ప్రయోగాత్మకంగా అనుమతిస్తూ చట్టం చేసింది. తొలిసారి పట్టుబడిన వారితో సహా దోషులందరికీ దీన్ని తప్పనిసరి చేసిన మొదటి రాష్ట్రంగా 2005లో న్యూమెక్సికో నిలిచింది. నేడు మొత్తం 50 రాష్ట్రాలలోనూ ఏదో ఒక రూపంలో ఈ చట్టాలున్నాయి. వాటిలో ముప్పైకి పైగా రాష్ట్రాలు దోషులందరికీ వర్తింపజేస్తున్నాయి.

ఈ పరికరం పనితీరు సరళమైనది. అరచేతిలో ఇమిడే యంత్రాన్ని వాహనపు ఇగ్నిషన్ వ్యవస్థకు అనుసంధానిస్తారు. బండి ఎక్కిన వ్యక్తి అందులోకి ఊదాలి. శ్వాసలో ఆల్కహాల్ నిర్ణీత స్థాయిని మించితే ఇంజిన్ కదలదు. ఆ స్థాయి సాధారణంగా 20 మిల్లీగ్రాములకు సమానం. అంటే చట్టం సామాన్యులకు అనుమతించిన పరిమితి కంటే ఎంతో తక్కువ. స్నేహితుడిచేత ఊదించి బండి కదిలించే ఎత్తుగడకు విరుగుడుగా ప్రయాణం మధ్యలోనూ అది మళ్లీ ఊదమని అడుగుతుంది. అప్పుడు విఫలమైతే నడిరోడ్డుపై ఇంజిన్ ఆపివేయదు. అది మరింత ప్రమాదకరం. హారన్ మోగించి, దీపాలు వెలిగించి హెచ్చరిస్తుంది. ఉల్లంఘనను నమోదు చేస్తుంది. అనేక చోట్ల ఊదిన వ్యక్తి ముఖాన్ని చిత్రీకరించే కెమెరా కూడా ఉంటుంది. పరికరాన్ని నియమిత వ్యవధుల్లో తనిఖీకి తీసుకువెళ్లాలి. ఆ చిట్టా అధికారులకు చేరుతుంది. ఈ షరతులకు ఒప్పుకున్న వ్యక్తి లైసెన్సు సస్పెన్షన్ పూర్తయ్యే దాకా ఆగనక్కరలేకుండా ఉద్యోగానికీ, ఆసుపత్రికీ వెళ్లవచ్చు. 2019 జనవరి 1 నుంచి కాలిఫోర్నియా ఇదే పద్ధతిని రాష్ట్రమంతటికీ విస్తరించింది. రెండోసారి దోషికి ఏడాది, మూడోసారికి రెండేళ్లు, ఆపైన మూడేళ్లు పరికరం ఉండి తీరాలని నిర్దేశించింది.

ఫలితాలు ఆశాజనకంగానే ఉన్నాయి. పరికరం అమర్చి ఉన్నంత కాలం తిరిగి పట్టుబడే వారి సంఖ్య సుమారు మూడింట రెండు వంతులు తగ్గుతున్నదని అక్కడి ప్రజారోగ్య సంస్థల సమీక్ష తేల్చింది. అయితే నాణేనికి రెండో వైపు కూడా ఉంది. పరికరం తొలగించిన తర్వాత అనేకులు పాత దారికే మళ్లుతున్నట్లు అవే అధ్యయనాలు చెబుతున్నాయి. తాళం బండికి పడిందే తప్ప వ్యసనానికి పడలేదన్నమాట. రోజుకు సుమారు మూడు డాలర్ల అద్దె దోషే భరించాలి గనుక పేదలకు అది భారమైంది. తన పేరున కారే లేదని చెప్పి తప్పించుకునేవారూ ఉన్నారు. ఇన్ని చట్టాలుండీ 2023లో మత్తు చోదకుల మూలంగా అమెరికాలో 12,429 మంది మరణించారు. సర్వరోగ నివారిణిగా ఎవరూ దీన్ని భావించరాదు.

ఐరోపా అనుభవం ఇంకొక పాఠం చెబుతోంది. స్వీడన్ 1999లోనే ఈ పథకాన్ని ప్రయోగాత్మకంగా ప్రారంభించి, వైద్య పరీక్షలతో ముడిపెట్టింది. ఫ్రాన్సు 2015 నుంచి ప్రయాణికుల కోచ్‌ బస్సులకు ఇంటర్‌లాక్ తప్పనిసరి చేసింది. అక్కడ అది నేరస్థునికి విధించిన శిక్ష కాదు, బిడ్డల ప్రాణాలకు కల్పించిన రక్షణ. 2024 జూలై నుంచి ఐరోపా కూటమిలో విక్రయించే ప్రతి కొత్త కారూ ఈ పరికరాన్ని సులువుగా అమర్చడానికి అనువుగా ఉండాలన్న నిబంధన అమలులో ఉంది.

మన దేశంలో ఇది సాధ్యమా అన్న ప్రశ్న సహజం. ఇబ్బందులను దాచిపెట్టడం వల్ల ప్రయోజనం లేదు. మొదటిది, మన రోడ్లపై మరణిస్తున్న వారిలో అత్యధికులు ద్విచక్ర వాహనదారులే. 2022 మృతులలో వారి వాటా 44.5 శాతం. 2025 అక్టోబరు 24న కర్నూలు సమీపంలో రోడ్డుపై పడివున్న మోటారు సైకిల్‌ను ప్రైవేటు బస్సు ఢీకొని అగ్నికి ఆహుతి కావడం, 19 మంది ప్రయాణికులు సజీవదహనం కావడం తెలుగువారు మరచిపోలేని విషాదం. అంతకుముందే అదుపు తప్పి పడి మరణించిన ఆ మోటారు సైకిల్ చోదకుడు మద్యం సేవించి ఉన్నట్లు పరీక్షలలో తేలిందని పోలీసులు ప్రకటించారు. కార్ల కోసం రూపొందిన పరికరం ద్విచక్ర వాహనాలకు సులభంగా ఒదగదు. రెండవది, ఖర్చు. మూడవది, మనకు తెలిసిన రోగమే. వాహన సామర్థ్య ధ్రువపత్రాలు కొన్నిచోట్ల బండిని చూడకుండానే చేతులు మారే దేశంలో, పరికరం తనిఖీ కేంద్రాలు కూడా ఆ బాటనే పడితే ఈ సంస్కరణ మరో వసూళ్ల ద్వారంగా మారుతుంది.

అయినప్పటికీ ఈ కారణాలు ఆలోచనను వాయిదా వేయడానికి సాకు కారాదు. అన్నీ ఒకేసారి చేయనక్కరలేదు. ముందుగా 20వ సెక్షన్‌ను సవరించి, అనర్హత కాలంలో కొంత భాగం గడిచాక ఇంటర్‌లాక్ అమర్చిన వాహనాన్ని మాత్రమే నడిపే షరతుతో లైసెన్సు పునరుద్ధరించే విచక్షణాధికారం న్యాయస్థానాలకు కల్పించాలి. ప్రాణనష్టానికో, తీవ్ర గాయాలకో కారకులైన వారికి ఈ వెసులుబాటు వర్తించరాదు. రెండోసారి పట్టుబడిన వారికి అనర్హత ముగిసిన తరువాత కూడా కొంతకాలం పరికరాన్ని తప్పనిసరి చేయాలి. బడి బస్సులు, దూరప్రయాణాల బస్సులు, ప్రమాదకర రసాయనాలు మోసే ట్యాంకర్లలో దోషంతో నిమిత్తం లేకుండా దీన్ని ప్రవేశపెట్టాలి. అక్కడ ఖర్చు భరించవలసింది యజమానులే గాని డ్రైవర్లు కాదు. బతుకుతెరువుకు బండి నడిపే నిరుపేదకు విధించే జరిమానాలో కొంత మొత్తాన్ని అతని పరికరం అద్దెకే మళ్లించవచ్చు. తనిఖీ చిట్టాలు దళారుల చేతికి చిక్కకుండా నేరుగా రవాణా శాఖ కంప్యూటర్లకు చేరే ఏర్పాటు ఉండాలి. అన్నిటినీ మించి, పరికరం చిట్టా పదే పదే వైఫల్యాన్ని చూపినప్పుడు ఆ వ్యక్తిని జైలుకు కాక ముందు వైద్యుని వద్దకు పంపాలి. చికిత్సతో ముడిపడని తాళం తాత్కాలికమేనని అమెరికా అనుభవం చాటుతోంది.

తప్పు చేసినవారికి ఇది మెతకదనం కాదా అని కొందరు ప్రశ్నించవచ్చు. మెతకదనం ప్రస్తుత విధానంలోనే ఉంది. ఆరు నెలల పాటు ఎవరూ గమనించని నిషేధం, ఆపై ఏ ప్రశ్నా లేని పునరుద్ధరణ. దానికంటే ప్రతి ఉదయం, ప్రతి రాత్రి బండి ఎక్కే ముందు తన నిగ్రహాన్ని రుజువు చేసుకోవలసి రావడమే కఠినమైన పరీక్ష. అమెరికాలో ఉంటున్న మన పిల్లలకు ఈ కాఠిన్యం బాగా తెలుసు. తాగి నడిపి అరెస్టయిన విదేశీయుల వీసాలను, నేరం రుజువు కాకముందే రద్దు చేసే అధికారాన్ని అక్కడి విదేశాంగ శాఖ వినియోగిస్తోంది. అక్కడ రెండు గ్లాసుల తర్వాత బుద్ధిగా టాక్సీ పిలిచే యువకుడే సెలవులకు ఇంటికి వచ్చి అర్ధరాత్రి తండ్రి కారు తీస్తున్నాడంటే లోపం అతని ఒక్కడిలోనే లేదు.

ప్రభుత్వాల ద్వంద్వ నీతినీ ఇక్కడ ప్రస్తావించక తప్పదు. 1992లో నెల్లూరు జిల్లా దూబగుంట మహిళలు రగిల్చిన సారా వ్యతిరేకోద్యమం 1995లో సంపూర్ణ మద్యనిషేధానికి దారితీసింది. రెండేళ్లకే ఖజానా అవసరాలు ఆ నిషేధాన్ని మింగేశాయి. ఆనాటి నుంచి పాలకులెవరైనా మద్యం ఆదాయంపై ఆధారపడటం తెలుగునాట రివాజుగా మారింది. ఒక చేత్తో సీసా అమ్మి, మరో చేత్తో ఊదుడు గొట్టం పట్టుకునే ప్రభుత్వానికి నీతులు చెప్పే అర్హత ఉందో లేదో గాని, ఆ ఆదాయంలో కొంత భాగాన్ని రోడ్డు భద్రతకూ, వ్యసన విముక్తి కేంద్రాలకూ వెచ్చించవలసిన బాధ్యత మాత్రం ఉంది.

లైసెన్సు హక్కు కాదు. సమాజం ఒక వ్యక్తిపై ఉంచిన నమ్మకానికి అది గుర్తు. ఆ నమ్మకాన్ని ఒకసారి వమ్ము చేసిన వాడికి శాశ్వతంగా తలుపు మూయడం మానవత్వం కాదు. ఏమీ జరగనట్లు తాళంచెవి తిరిగి చేతిలో పెట్టడం వివేకం కాదు. ఈ రెంటికీ నడుమ ఉన్న దారిని ఇతర దేశాలు కొన్ని దశాబ్దాలుగా పరీక్షించి, దాని బలాన్నీ బలహీనతనూ మన ముందుంచాయి. రోడ్డుపై మరో కుటుంబం చితికిపోయే దాకా వేచి ఉండకుండా, కేంద్ర రవాణా శాఖ, రాష్ట్రాలు కలిసి ఆ దారిలో తొలి అడుగు వేయాలి.