గృహవిజ్ఞానము: ఇంటి దీపమును, మనస్సును



మయసభ కథ మనకందరకును తెలిసినదే. నీరున్న చోట నేలయనియు, నేల యున్న చోట నీరనియు దుర్యోధనుడు భ్రమపడెను. చూపును మాయచేసి మనస్సును మార్చు కాంతులు గల నగరములను నేటి కల్పనాకథకులును వర్ణించుచున్నారు. అట్టి దీపము కథలలోనే కలదా, మన యింటను గలదా?

గుడిబండ, మడకశిర, హిందూపురము ప్రాంతములలో పట్టుపురుగులను పెంచు గృహిణుల నడిగినచో సమాధానము దొరకును. పురుగుగుడ్లలో నల్లని చుక్క కానవచ్చిన పిదప వానిని నల్లకాగితమున చుట్టి చీకటిలో నుంచుదురు. ముందుగా సిద్ధమైన పిల్లయు వెలికి రాక తక్కినవానితోపాటు ఆగియుండును. పొదుగు దినమున వేకువనే కాగితము విప్పి వెలుతురు చూపినంతనే దాదాపుగా అన్నియు నొక్కమారే వెలువడును. అన్నియు నొక యీడువే యగుటచే మేతయు, నిద్రయు సమముగా సాగును. ఇందు మంత్రము లేదు, వెలుతురే యాజ్ఞ.

మానవదేహమునకును ఇట్టి యాజ్ఞ కలదు. వస్తువులను చూచుటకు తోడ్పడు కణములు గాక, పగలును రాత్రిని గుర్తించు వేరు కణములు కంటి లోపలిపొరలో నున్నవని 2002లో శాస్త్రజ్ఞులు నిరూపించిరి. నీలికాంతి వానిని మిక్కిలిగా మేల్కొలుపును. "ఇంకను పగలే" యని అవి మెదడునకు తెలుపగా, రాత్రివేళ నూరవలసిన మెలటోనిన్ అను రసము తగ్గును, నిద్ర వెనుకపడును. నిద్ర చెడిన మరునాడు విసుగు, మరపు, చిన్నమాటకే కన్నీరు కలుగుట మన మెరిగినదే.

నూనెదీపపు కాంతి పసుపువన్నెది. తీగె కాలి వెలుగు పాత బల్బుకాంతియు నట్టిదే. ఎల్‌ఈడీ బల్బునకు మూలము నీలికాంతి. దానిపై పసుపు పూత పూసి తెల్లని వెలుగును రప్పింతురు. ఈ నీలిదీపమును సాధించిన అకసాకి, అమానో, నకమురా అను మువ్వురకు 2014లో నోబెల్ బహుమానము లభించెను. 2015లో ప్రభుత్వమువారు ఉజాలా పథకము నారంభించిన పిదప నీ బల్బులు పల్లెలకును విరివిగా చేరెను. కరెంటు ఖర్చు తగ్గుట గొప్ప మేలు. ఆ మేలును వదలుకొన నక్కరలేదు. బల్బు నెన్నుకొనుట తెలిసిన చాలును. డబ్బాపై 2700 కె అని యున్నచో పసుపుకాంతి. 6500 కె అని యున్నచో నీలము కలసిన తెల్లనికాంతి.

వంటయింటను, చదువుబల్లకడను, కుట్టుపనికిని తెల్లనిదీపము తగును. పడకగదికి పసుపుదీపము మేలు. భోజనములైన పిదప ట్యూబులైటు నార్పి చిన్నదీపము నుంచవలయును. పిల్లల చేతి ఫోనును దూరముగా పెట్టించవలయును. రాత్రి బిడ్డకు పాలిచ్చు బాలింతకు మంచము క్రిందుగా మందమైన పసుపుదీప ముండిన, తల్లియు బిడ్డయు త్వరగా మరల నిద్రింతురు. వృద్ధులు నడచు త్రోవను మాత్రము చీకటిచేయరాదు. కాలు జారుట నిద్రలేమికంటె ప్రమాదము.

రాత్రి తగ్గించిన వెలుగును ఉదయము పొందవలయును. ఇంటి దీపకాంతి సాధారణముగా కొన్ని వందల లక్సులు మాత్రమే. పగటివేళ బయట నీడలోను అది వేలలో నుండును. వాకిట ముగ్గు వేయు సమయము దేహమునకు గడియారము సరిచేసికొను సమయము.

ఎర్రదీపము ధైర్యము నిచ్చుననియు, పచ్చదీపము శాంతి నిచ్చుననియు చెప్పి అమ్మువారి మాటలు నమ్మి సొమ్ము పోగొట్టుకొనవలదు. చలిదేశములలో శీతకాలమున కలుగు మనోవ్యాధికి ఉదయమున పదివేల లక్సుల కాంతితో చికిత్సచేయుట నిజమే. 1984లో రోసెంతాల్ ప్రభృతులు ఆ వ్యాధిని వివరించిరి. ఆ చికిత్స వైద్యుని పర్యవేక్షణలో జరుగవలసినది. వారములతరబడి దుఃఖము వీడనిచో దీపమును మార్చి యూరకుండక వైద్యుని చూడవలయును.

తుదకొక్క మాట. అందరకు వడ్డించి, పాత్రలు కడిగి, కన్నులు మిరుమిట్లుగొలుపు దీపము క్రింద కడపట భుజించునది సాధారణముగా ఇల్లాలే. తెల్లవారకమున్నే లేచునదియు నామెయే. అట్టి కోడలు విసిగికొన్న, ఆమె కోపిష్ఠి యనుటకు ముందు, ఆమె యేవేళ నిద్రించుచున్నదో, ఏ దీపము క్రింద మేలుకొనియున్నదో అత్తగారును భర్తయు విచారింపవలయును. పురుగుగుడ్లకు సకాలమున చీకటినిచ్చు నేర్పరితనము మనకు గలదు. ఇంటి యాడుబిడ్డకును ఆ చీకటి నిచ్చుట న్యాయము.